మా నాయన దోటి

పొద్దున హైదరాబాదు నుంచి ఒక కుర్ర దర్శకుడు ఫోన్ చేసి, మీ సీమ కథ ఒకటి రాసిమ్మనీ, మొదటి సీన్లోనే కొడవలి కనబడాలనీ అడిగాడు. ఆ తర్వాత కాఫీ కూడా తాగబుద్ధి కాలేదు.

మా నాయన గొర్రెలకాపరి. నా ఈడువాళ్లు చూసే ఉంటారు, వెదురుగెడ చివర కొడవలి కట్టిన దోటి ఒకటి మా పెనుకొండ పక్క కాపరుల భుజం మీద ఎప్పుడూ ఉండేది. ఎండాకాలం నేలమీద గడ్డిపోచ మిగలనప్పుడు దానితో తుమ్మమండలు కోసి మందకు వేసేవాళ్లు, అదీ చెట్టు చావకుండా, ఒక పక్క కోస్తే ఒక పక్క వదిలిపెట్టి. మండలు కోస్తూ నాయన చెప్పిన కథలే నా చదువు. రొద్దం దాకా నడిస్తే ప్రతి గుట్టకూ ఒక కథ ఉండేది.

సినిమాల్లో రాయాలని నేను బయలుదేరిన రోజు నాయన ధర్మవరం స్టేషన్‌కు వచ్చి, కరువులో వాళ్లవ్వ ఒంటరిగా మందను తోలుకుపోయిన కథ మొదలుపెట్టాడు. దప్పికతో మంద పడిపోతుంటే అవ్వ పెన్న ఇసుకలో చెలమ తవ్వుతోంది, ఇంతలో రైలొచ్చింది. "నీళ్లు పడినాయో లేదో నువ్వొచ్చినాక చెప్తాలేప్పా" అన్నాడు.

ఊరి మొహం చూడకుండా ఏళ్ల తరబడి తిరిగితే ఒక దర్శకుడు నా కాపరి కథ విన్నాడు. అంతా విని, ఆ దోటి మనిషి మెడకు అందుతుందా అని ఒక్కటే అడిగాడు. ఛాన్సు పోతుందన్న భయంతో అందుతుందన్నాను. ఆ క్షణాన నా నోరు పడిపోయినా బాగుండేది.

సినిమా బ్రహ్మాండంగా ఆడింది. హిందూపురం థియేటరుకు నాయనను నేనే గర్వంగా పిలుచుకుపోయాను. తెర మీద దోటి లేచింది, మెడలు తెగాయి, జనం ఈలలే ఈలలు. నాయన మధ్యలోనే లేచి బయటికి వచ్చేశాడు.

"అది మండలు కోసేది గదప్పా. దాంతో మనుషుల్ని నరికిస్తివే!"

ఆ తర్వాత చాలా ఏళ్లు బతికాడు గానీ నాకు ఇంకో కథ చెప్పలేదు. అవ్వ సంగతి అడిగితే, "నాకేం తెల్సునప్పా, నువ్వే రాస్తాండావు గదా" అని మండలు కోసుకునేవాడు. అలాగే పోయాడు.

ఇప్పుడు మాది పెనుకొండ పక్క అంటే చాలు, ఎక్కడివాళ్లయినా నవ్వుతూ మెడ తడుముకుంటారు. ఆ కుర్రాణ్ణి ఏమని తిట్టేది, ఆ కొడవలి చూపించిందే నేనైతే? తప్పు దిద్దుకుందామని ఈ వయసులో రోజూ కాగితాలు ముందేసుకుని కూర్చుంటాను. అవ్వ ఆ ఇసుకలో ఇంకా చెలమ తవ్వుతూనే ఉంది. నీళ్లు పడ్డాయో లేదో చెప్పేవాడు లేడు.