మా అన్నంటారా సార్

ఈ రోజు పొద్దున ఒక మనిషి నన్ను ఒక మాట అడగాలని నా ఇంటికి వచ్చి, అడగకుండానే వెళ్ళిపోయాడు. తప్పు ఆయనది కాదు, నాది. ఆయనకు నోరు విప్పే సందు నేను ఇవ్వలేదు. ఇవ్వకపోగా, ఆయన బాధను నా పనికి ఉదాహరణగా వాడుకున్నాను.

నేను కర్నూలులో ఒక డిగ్రీ కాలేజీలో తెలుగు చెప్తాను. ఇల్లు కల్లూరులో. కొన్ని నెలలుగా ఒక వ్యాసం మీద కూర్చున్నాను. మనం మాట్లాడేటప్పుడు ముందు ఒక విషయాన్ని ఎదుటివాళ్ళ ముందు పెడతాం, ఆ తర్వాతే దాని గురించి చెప్తాం. ఆ పెట్టడాన్ని ఒక్కో భాష ఒక్కో రకంగా చేస్తుంది. జపాను భాషలో మాట వెనక 'వా' అని చిన్న ముక్క తగిలిస్తారు. మా వీధిలో ఉర్దూ మాట్లాడే ఇళ్ళలో 'తో' అంటారు. 'మై తో నై ఆతా' అంటే నేనైతే రాను అని. నా భార్యది ఆలూరు వైపు పల్లె, అక్కడ సగం కన్నడం. అదే మాట వాళ్ళ పుట్టింట్లో 'నానంతూ బరల్ల' అని వినపడుతుంది. తెలుగులో 'అయితే' ఉంది, 'ఏమో' ఉంది, 'మాత్రం' ఉంది. వీటన్నిటిలో నాకు బాగా నచ్చింది 'అంటావా'. 'వానంటావా, ఈ ఏడు మొగమే చూపలేదు' అంటాం. నిజానికి వాన గురించి ఎవరూ అడిగి ఉండరు. అయినా అడిగినట్టే అనుకుని జవాబు మొదలుపెడతాం. ఎదుటివాడి ప్రశ్నను కూడా మనమే వేసుకుంటాం. ఇది ఎంత మర్యాద గల పద్ధతో అని వ్యాసంలో రాసుకుని మురిసిపోయాను కూడా.

పొద్దున వచ్చిన మనిషి మా వీధి చివర పరుపులు కుట్టే అంగడి ఆయన. ఇంట్లో తెలుగే మాట్లాడే ముస్లిం కుటుంబం. ఉర్దూ వ్యాపారంలో నేర్చుకున్నది. నా తొలి ఉద్యోగం బనగానపల్లెలో. అక్కడ వాళ్ళ నాయన ఇంట్లోనే బాడుగకు ఉండేవాణ్ణి. అన్నదమ్ములిద్దరూ నాకు అప్పటినుంచి తెలుసు. అన్న ఇప్పటికీ ఆ ఇంట్లోనే ఉంటూ మామిడి తోటలు గుత్తకు తీసుకుంటాడు. తమ్ముడు ఇక్కడికి వచ్చి స్థిరపడ్డాడు.

నిరుడు ఎండాకాలంలో వాళ్ళ నాయన పోయాడు. ఆ రోజు తమ్ముడు తుమ్మలపల్లె గని పనివాళ్ళ ఇళ్ళకు పరుపులు దించడానికి పోయి ఉన్నాడు. ఫోనులో చార్జింగు అయిపోయింది. కబురు అందేసరికి మధ్యాహ్నం దాటింది. అన్న చూసి చూసి, ఇక ఆగలేక సాయంత్రం నమాజు కాగానే మట్టి చేయించాడు. తమ్ముడు చేరేటప్పటికి అందరూ గోరీల దగ్గరినుంచి తిరిగి వస్తున్నారు. తండ్రి మీద పిడికెడు మట్టి వేసే భాగ్యం ఆయనకు దక్కలేదు. దానికి తోడు అన్న అందరి ముందూ, "పరుపులైతే దించొచ్చినావు గదా" అన్నాడట. ఆ రోజునుంచి ఇద్దరికీ మాటల్లేవు. ఇంతవరకు నాకు తెలుసు. తెలిసి కూడా పొద్దున అలా చేశాను.

మా వైపు పని మీద వచ్చినవాడు పని మాట తనంతట తాను ఎత్తడు. 'ఊరికే వచ్చినా' అంటాడు. ఎండ గురించి, పిల్లల చదువు గురించి నాలుగు మాటలు నడుస్తాయి. టీ తాగి గ్లాసు కింద పెట్టాక ఇంటాయన "ఇంకేమప్పా సంగతి?" అనాలి. అప్పుడు విప్పుతాడు. అలా అనకపోతే లేచి వెళ్ళిపోతాడు, ఎందుకంటే అడగని ఇంట్లో మాట విప్పితే చెయ్యి చాచినట్టు అవుతుంది. పుట్టి బుద్ధెరిగినప్పటినుంచి చూస్తున్న పద్ధతే ఇది.

ఆయన వచ్చేటప్పటికి నేను కాగితాలు ముందేసుకుని ఉన్నాను. ఊరికే వచ్చినా సార్ అన్నాడు. నా భార్య టీ ఇచ్చింది. కాసేపు కల్లూరులో కొత్తగా లేస్తున్న ఇళ్ళ గురించి, దూది ధర గురించి మాట్లాడాడు. ఆ తర్వాత కొంచెం ఆగి, "మా అన్నంటారా సార్..." అని మొదలుపెట్టాడు.

నేను అన్న గురించి అడగలేదు. సరిగ్గా నా వ్యాసంలో రాసుకున్నట్టే అన్నాడు. నా చెవులు నిక్కబొడుచుకున్నాయి. ఆగప్పా ఆగు అని ఫోన్ తీసి రికార్డింగ్ పెట్టి, ఆ మాట మళ్ళీ చెప్పమన్నాను.

ఆయన బిత్తరపోయి, ఫోను వైపు చూసి చెప్పాడు. "మా అన్నంటారా సార్, ఆయప్ప నన్ను పిలిచేది లేదు."

ఉర్దూలో ఎట్లంటావు అని అడిగాను. "బడే భాయ్ తో మేరెకు బులాతే నై," అన్నాడు. 'మా అన్నైతే' అని మార్చి చెప్పమన్నాను. అదీ చెప్పాడు. అన్న తనను పిలవడం లేదన్న మాటను, కూర్చోబెట్టి, రకరకాలుగా చెప్పించాను. మధ్యలో ఆయన "వదినేమో ఫోన్ చేసింది సార్, ఈ పొద్దు..." అని ఏదో అందుకున్నాడు. చూసినావా, ఇప్పుడు 'ఏమో' అన్నావు అని నేను సంబరంగా అడ్డం పడ్డాను. నేను ఆగకుండా ఇంకో ప్రశ్న వేశాక ఆయన నవ్వి ఊరుకున్నాడు. గ్లాసు కింద పెట్టాడు. పెట్టి కాసేపు దాన్నే చూస్తూ కూర్చున్నాడు. నేను రికార్డింగ్ సరిగ్గా పడిందా లేదా అని చూసుకుంటున్నాను. పోయొస్తా సార్ అన్నాడు. మంచిదప్పా అన్నాను.

ఆయన వెళ్ళాక ఆ మాటలు కాగితం మీద ఎక్కించుకుందామని ఫోను పెట్టి వింటున్నాను. నా భార్య గడపలో కూర్చుని చిక్కుడుకాయలు వలుస్తూ, ఆయప్ప దేనికొచ్చినాడు అని అడిగింది. ఊరికే అన్నాను.

"ఊరికే వచ్చేటోడు పొద్దున్నే ఇస్త్రీ చొక్కా ఏసుకొని వస్తాడా? టీ అయినంక అడిగితిరా లేదా?"

నేను రికార్డింగ్ ఆపబోయాను. దాన్ని ముందుకు పోనీమంది. ఫోనులో నా సంబరం గట్టిగా వినపడింది. దాని అడుగున, ఆయన గొంతు సన్నగా నడుస్తూనే ఉంది. ఈ పొద్దు వాళ్ళ పాపకు నిశ్చితార్థం, రమ్మనింది, ఒంటిగా మాత్రం రావద్దనింది అంటున్నాడు. అంతలో నేను ఇంకో ప్రశ్న వేశాను.

"ఒంటిగా రావద్దనిందంట," అంది నా భార్య. "ఇంగ ఎవరి జత పోతాడు ఆయప్ప?" ఆయన తాగిన గ్లాసు తీసుకుని లోపలికి పోయింది.

ఫోను బల్ల మీదే వదిలేసి అంగడికి పోయాను. దూది ఏకే మిషను తిరుగుతోంది. ఆయన ముక్కుకు గుడ్డ కట్టుకుని, పాత లుంగీలో ఉన్నాడు. ఇస్త్రీ చొక్కా మేకుకు వేలాడుతోంది. నన్ను చూసి మిషను ఆపాడు. నేను దూది మూట మీద కూర్చుని, పొద్దున ఏం పని మీద వచ్చినావప్పా అని అడిగాను. ఊరికే సార్ అన్నాడు. ఆయన ఇంకేమంటాడు. అడిగే సమయం దాటిపోయాక అడిగాను మరి.

"అడగల్సిన టయానికి నేను అడగలా. తప్పు నాదే," అన్నాను. "నీ బాధ నువ్వు చెప్పుకుంటాంటే నేను మాటలు ఏరుకుంటా కూచున్నా. ఇప్పుడు అడుగుతాండా. సంగతేమప్పా?"

ఆయన ముక్కు గుడ్డ విప్పి, మడిచి, మళ్ళీ మడిచాడు. అప్పుడు చెప్పాడు. ఆ పాపను చిన్నప్పుడు భుజాన వేసుకుని తిప్పింది ఆయనే. వదిన అన్నకు తెలియకుండా ఫోను చేసింది. ఈ రోజు రాకపోతే ఇక పెళ్ళికి కూడా పిలుపుండదని, ఒంటరిగా వస్తే మగపెళ్ళివాళ్ళ ముందు అన్న ఏమంటాడో తెలియదని, ఎవరైనా పెద్దమనిషిని తోడు తెచ్చుకోమని చెప్పింది.

"మా నాయన మిమ్మల్ని మా సారు మా సారు అంటాండె," అన్నాడు. "మీరు నా జతకు వస్తారేమో అడుగుదామనుకుంటి. మీరు రాకుంటే ఇంగ పొయ్యేది లేదనుకొని మిషనేసుకున్నా."

లెయ్, చొక్కా ఏసుకో అన్నాను.

షేరాటోలో బస్టాండుకు, అక్కడినుంచి బనగానపల్లె బస్సు. చొక్కాకు అంటుకున్న దూది పింజలను ఆయన దారి పొడుగునా ఒక్కొక్కటే గిల్లి కిటికీలోంచి వదులుతూ కూర్చున్నాడు. నేను అన్నతో ఏం మాట్లాడాలో మనసులో పేర్చుకోసాగాను. నాయన పేరెత్తి మొదలుపెట్టాలా, పాప పేరెత్తా? సగం దూరం పోయాక నామీద నాకే విసుగొచ్చి ఆ పని మానేశాను.

ఆ ఇంటి ముందు షామియానా వేసి ఉంది. గోడ వారన మామిడికాయల బుట్టలు పేర్చి ఉన్నాయి. అన్న గుమ్మంలో నిలబడి వచ్చినవాళ్ళను పలకరిస్తున్నాడు. నన్ను చూడగానే ముఖం విప్పారింది. నా పక్కన తమ్ముణ్ణి చూడగానే ముడుచుకుంది.

"మీరైతే రాండి సార్," అన్నాడు.

తమ్ముడు ఒక కాలి చెప్పు విడిచి, రెండోది విడవకుండా ఆగిపోయాడు. ఒకరిని ముందు పెడితే మిగిలినవాళ్ళు వెనక పడతారని, 'అయితే' గురించి నా వ్యాసంలో ఒక పేజీ ఉంది. రాసినప్పుడు ఆ పేజీలో ఎవరికీ నొప్పి లేదు.

"నేను ఈయప్ప జతకు వచ్చినానప్పా," అన్నాను. "లోపలికొస్తే ఇద్దరం వస్తాం. లేకుంటే ఈడే కూచుంటాం. మాకు కోపమేం లేదు, మీ పని కానీండి."

షామియానా కింద ఒక కుర్చీలో కూర్చుని, ఇంకొకటి పక్కకు లాగాను. తమ్ముడు అంచు మీద కూర్చున్నాడు. అన్న లోపలికి పోయాడు. తలుపు తెర పక్కనుంచి వదిన ఒకసారి తొంగి చూసింది. మగపెళ్ళివారి తరఫు ముసలాయన ఒకాయన మా దగ్గరికి వచ్చి, ఈయనెవరని నన్నే అడిగాడు. లోపలికి వినపడేలా, పాపకు చిన్నాయన అని చెప్పాను. తమ్ముడు తల దించుకున్నాడు. ముసలాయన అట్లనా అని సలాం చెప్పి, లోపలికి పోయాడు.

చాలాసేపే కూర్చున్నాం. ఇక లేద్దామా సార్ అని తమ్ముడు నెమ్మదిగా అంటుండగా అన్న గుమ్మంలోకి వచ్చాడు. మా వైపు చూడలేదు. మామిడి బుట్టల వైపు చూస్తూ అన్నాడు.

"లోపల పరుపు గడ్డలు గడ్డలుగా ఉండాది. పెద్దాయన కూచోలేకుండాడు. కుట్టినోడివి, ఈడ కూచొని చూస్తాంటే ఎట్ల? వచ్చి సరిజెయ్యి."

తమ్ముడు రెండో చెప్పు కూడా వదిలి లోపలికి పోయాడు. తలుపులోంచి నాకు కనపడుతూనే ఉంది. మోకాళ్ళ మీద కూర్చుని పరుపును అరచేత్తో తట్టుకుంటూ పోతున్నాడు. అన్న అవతలి అంచు పట్టుకుని లాగాడు. పరుపు చదును కావడానికి పట్టినంతసేపూ ఇద్దరూ దాని రెండు పక్కలా ఉన్నారు. ఆ తర్వాత పాప వచ్చి చిన్నాయన పక్కన కూర్చుంది. అప్పుడు నేనూ లోపలికి పోయాను.

తిరుగు బస్సులో ఆయన కాసేపు కళ్ళు మూసుకుని, తెరిచి, "నాయనంటారా సార్..." అన్నాడు.

"అవునప్పా, మీ నాయనే. చెప్పు," అన్నాను.

కర్నూలు వచ్చేదాకా చెప్పాడు. అవన్నీ ఇక్కడ రాయను. దిగాక నేరుగా నా ఇంటికి పోలేదు. వాళ్ళ ఇంటికే పోయాను. ఊరికే వచ్చినా అన్నాను. వాళ్ళావిడ టీ ఇచ్చింది. ఎండ గురించి మాట్లాడాం. నేను గ్లాసు కింద పెట్టాక ఆయన నవ్వు దాచుకుంటూ, "ఇంకేం సార్ సంగతి?" అన్నాడు.

పొద్దున నీ మాటలు ఫోనులో పట్టుకున్నాను, నిన్ను అడగకుండా పట్టుకున్నాను, వాటిని తుడిచేస్తానని చెప్పడానికి వచ్చాను అన్నాను. ఈ రోజు జరిగింది రాసుకుంటే రాసుకోండి, పేర్లు మాత్రం వద్దు అన్నాడు ఆయన. "ఆయప్ప పిలిచేది లేదన్న మాట అయితే తుడిచెయ్యండి సార్. ఇప్పుడది అబద్ధం గదా."

ఇంటికి వచ్చి అదే చేశాను. ఉర్దూలో చెప్పించింది కూడా ఉంచుకోలేదు.