తమ్ముడి టగ్గు, మా ఊరి తుపాను

పోయిన వారం మా తమ్ముడు చెన్నై నుంచి ఒక ఫొటో పంపాడు. నేవీలో వాడు ఇన్నేళ్లూ ఇంజను చూసుకున్న టగ్గు, అంటే పెద్ద ఓడలను రేవులోకి లాగి కట్టించే చిన్న పడవ, సర్వీసు ముగించి ఒక మూల నిలబడి ఉంది. రంగు పెచ్చులూడి, పక్కల పాత టైర్లు వేలాడుతూ, మదనపల్లె మార్కెట్టు బయట బేరానికి పెట్టిన ట్రాక్టరులా ఉంది. "ఇది గూడా రిటైరయిపాయె అక్కా" అని కింద రాశాడు. జాలిపడాల్సింది పోయి నాకు గుండెదడ పట్టుకుంది. ఆ పడవ నన్ను అంత భయపెట్టింది మరి.

మా పుట్టిల్లు పుంగనూరు దగ్గర మెట్ట పల్లె. వాడు ఉద్యోగంలో చేరినప్పుడు టగ్గంటే ఏమిటో మా నాయన బుర్రకు ఎక్కలేదు. "ఓడలకు ట్రాక్టరు మాదిరి నాయనా. మాదంతా ఒడ్డు పనే" అని వాడు నచ్చజెప్పాడు. ఆయన నమ్మి, ఊరంతా చెప్పుకున్నాడు. సెలవు దొరికి కుప్పంలో రైలు దిగి వచ్చినప్పుడల్లా తమ్ముడు ఆ టగ్గు ఎన్ని యుద్ధనౌకలను రేవు దాటించిందో, ఇసుకలో దిగబడిన వాటిని ఎలా లాగిందో వర్ణించేవాడు. అంతా విని నాయన, డీజిలు ఎంత తాగుతుందని అడిగేవాడు.

మా వైపు ఒక సంగతుంది. టీవీలో వాయుగుండం అంటే సముద్రం పక్కవాళ్లు వణుకుతారు, మేం సంబరపడతాం. అది వస్తేనే మా చెరువు నిండేది, ఉలవచేను పచ్చబడేది. ఒక ఏడు నేను పుట్టింట్లోనే ఉన్నాను. తుపాను రావాలని ఊరంతా మొక్కింది, నాయనా నేనూ మొక్కాం. వచ్చింది. ఎన్నో ఏళ్ల తర్వాత చెరువు నిండి, మేం మరవ అనే అలుగు మీదుగా నీళ్లు పొర్లాయి. మరవ పారితే ఆ నీళ్లకు పసుపు కుంకుమలిచ్చి మొదటి టెంకాయ కొట్టేది మా ఇంటి పెద్దే. అంతవరకు ఊళ్లో ఎవరూ ఆ నీళ్లలో కాలు పెట్టరు. నేను పళ్లెం సర్దుతుండగా తమ్ముడితో పనిచేసే ఒకతను ఫోన్ చేశాడు. లంగరు తెంచుకున్న ఓడను పట్టుకోవడానికి టగ్గు రేవు బయటికి పోయిందట, ఆ తర్వాత కబురు లేదట.

"ఒడ్డు పని అన్నాడే!" అంటూ నాయన కూలబడ్డాడు. అప్పటికే ఊరివాళ్లు గుమ్మంలో ఉన్నారు. "నీళ్లు పారతాండాయి, రాప్పా" అని పిలిచారు.

"నా బిడ్డ యాడుండాడో తెలీదు. ఆ నీళ్లకు పసుపు సల్లేదానికి నాకు సెయ్యి రాదు" అన్నాడు నాయన. వచ్చినవాళ్లు అట్లే వెనక్కి పోయారు. వాన కావాలని మొక్కిన నోటితోనే తుపాను పోవాలని మొక్కుతూ కూర్చున్నాం. నాకు సిగ్గేసింది. సిగ్గు కన్నా భయం ఎక్కువేసింది. చార్జింగు నుంచి ఫోను తీయాలన్నా, కబురు వచ్చే వేళకు బ్యాటరీ అయిపోతుందేమోనని తీయలేకపోయాను.

మూడో రోజు పొద్దున తమ్ముడే చేశాడు. గొంతు బొంగురుపోయి ఉంది. "ఓడను ఇడిసిపెట్టలేదక్కా. అందరం బాగుండాము" అన్నాడు. నాయన ఫోను లాక్కుని, "నాతో అబద్ధం యాల చెప్తివిరా?" అని గద్దించి, జవాబు వినకుండానే ఏడ్చేశాడు.

పళ్లెం పట్టుకుని పరుగున పోతే, మరవ పారడం ఆగిపోయి ఉంది. నాయన తడిరాళ్లకే పసుపు రాసి టెంకాయ కొట్టాడు. "మళ్లా పారతాదిలే" అన్నాడు. ఆయన ఉన్నన్నాళ్లూ మళ్లీ పారలేదు. ఊళ్లో ఒక్కరూ మమ్మల్ని మాట అనలేదు. ఏళ్లు ఇట్టే గడిచిపోయాయి గానీ, ఆ రెండు రోజులు మాత్రం నాకింకా గడవలేదు.