ఇరవై ఒక్క సున్నాలు

మేము సరిహద్దులోని ఆ సైనిక మంచు పోస్టుకు చేరింది అక్టోబరు చివర, పగలు పదకొండు గంటలకు. ఎత్తు పదిహేడు వేల అడుగులు. ఎండ ఉంది, వేడి లేదు. ఏడుగురం, రెండు ఫైబర్ గుడిసెలు, ఒక కిరసనాయిలు స్టవ్వు. మాది తర్లుపాడు, రేడియో ఆపరేటరుది గిద్దలూరు. తెలుగువాళ్లం మేమిద్దరమే. మా వైపు మే నెలలో పలకరాతి మీదే దోసెలు పోసుకుంటామని నేను కోతలు కోస్తే మిగతా ఐదుగురూ నమ్మారు. పొయ్యి కూడా అక్కర్లేదని ఆపరేటరు సాక్ష్యం పలికాడు.

జనవరికల్లా అతను నవ్వడం మానేశాడు.

ఫిబ్రవరిలో కింద బేసు క్యాంపు నుంచి డాక్టరు కాగితాలు పంపాడు. దిగులు, ఆందోళన, ఒత్తిడి కొలిచే ఇరవై ఒక్క ప్రశ్నలు. గడిచిన వారం ఎలా ఉందో ఎవరికి వారే సున్నా నుంచి మూడు దాకా అంకె వేయాలి; ఏమీ లేకపోతే సున్నా, మరీ ఎక్కువైతే మూడు. అందరూ సున్నాలే వేయండి, మూడు వేసినవాడికి పిచ్చోడని పేరొస్తుంది, అన్నాడు హవల్దారు. నావి రెండు నిమిషాల్లో అయిపోయాయి. ఆపరేటరు మాత్రం ఒక్కో ప్రశ్నా ఆగి ఆగి చదివాడు.

"అన్నా, రేపటి మీద ఆశ పోయిందా అని అడుగుతాండారు. ఏమెయ్యాల?"

"సున్నా ఎయ్యి. బళ్లో సున్నా తెచ్చుకునేదానికి ఇంత ఆలోచించినావా?"

"నిజం రాయమన్నారు గదన్నా."

"కొడుక్కు పిచ్చి పట్టిందంటే మీ నాయన ఊళ్లో తలెత్తుకోవద్దా?"

ఆ చలికి పెన్నులు రాయవు, పెన్సిళ్లే. అతను వేసిన మూళ్లన్నీ నేనే రబ్బరుతో చెరిపి సున్నాలు చుట్టాను. అతను అడ్డు చెప్పలేదు. మేలు చేశాననే అనుకున్నాను.

కాగితాలు కిందికి పంపిన పన్నెండో రోజు ఉదయం ఆరూ నలభైకి రేడియో సెట్టు దగ్గర అతను లేడు. గుడిసెకు నలభై అడుగుల దూరంలో దొరికాడు. గ్లవుజులు తీసి పక్కన పెట్టి, మంచులో చేతులు పూడ్చుకుని కూర్చున్నాడు. ఎందుకిట్ల జేసినావని అడిగాను.

"నాకేం లేదన్నా. అంతా సున్నానే గదా."

హెలికాప్టరు తొమ్మిదింటికి వచ్చింది. అతని కాగితంలో అన్నీ సున్నాలే ఉన్నాయే అని డాక్టరు రేడియోలో అడిగాడు. అవును సార్, అన్నాను.

మే నెలలో సెలవు దొరికింది. ఇంటికి పోకుండా ముందు గిద్దలూరులో దిగాను. చెరిపింది నేనేనని వాళ్ల నాయనకు చెప్పాలి. వెళ్లేసరికి ఆయన వాకిట్లో నిలబడి కొడుక్కు చొక్కా తొడుగుతున్నాడు. మంచుకు చచ్చుబడిన అతని చేతుల పది వేళ్లూ ఆసుపత్రిలో తీసేశారు. ఆపరేటరు నన్ను చూశాడు.

"కూచో నాయనా," అన్నాడు ముసలాయన తల తిప్పకుండానే. "ఇంకొక్క గుండీ ఉంది."

అది ఎంతకీ కాజాలో పట్టలేదు.