సీసం ఉందని రాసిచ్చిన మనిషి

నిన్న ఉదయం మా కాలేజీ ల్యాబులో ఇంటర్ రెండో ఏడాది పిల్లలు సీసం లవణాన్ని పరీక్ష చేశారు. రంగులేని ద్రావణంలో పొటాషియం అయొడైడ్ నాలుగు చుక్కలు వేయగానే టెస్ట్‌ట్యూబంతా పసుపు కమ్ముకుంది. వేడి చేస్తే ఆ పసుపు కరిగిపోయింది. చల్లారే కొద్దీ బంగారు రజనులాంటి రేకులు మెరుస్తూ కిందికి దిగాయి. పిల్లలు ఫోన్లు తీశారు. "భలే ఉండాది మేడం," అంది ఒకమ్మాయి. ఆ ద్రావణాన్ని సింకులో పోయబోయిన అబ్బాయిని మాత్రం నేను గట్టిగా కసిరాను. మేడంకు ఇవాళ కోపం ఎక్కువగా ఉందని వాడు పక్కవాడితో అనడం వినబడింది. నిజమే. ఆ పసుపు చూస్తే నాకు కోపం వస్తుంది. నేను దాన్ని మొదటిసారి చూసింది కాలేజీవాళ్ళు ఇచ్చిన లవణంలో కాదు, మా ఇంటి అరుగు మీది దుమ్ములో. చూపించినావిడ నేను ఇంటర్ చదివినప్పటి మా కెమిస్ట్రీ మేడం, వేదవల్లి గారు.

మేడం తిరుపతివారు. వాళ్ళ నాన్నగారు గుడి కైంకర్యంలో ఉండేవారట. రోజూ పొద్దున్నే బస్సెక్కి, పుత్తూరు దాటి మా జూనియర్ కాలేజీకి వచ్చేవారు. నుదుట సన్నని శ్రీచూర్ణం, చెంగు నిండా ఆమ్లం చుక్కలు పడి కాలిన చిల్లుల నేత చీర. మూలకాల పట్టికలో అడుగున విడిగా రెండు వరుసలుంటాయి. అందులో పై వరుసలోవి విరళ మృత్తికలు, ఇంగ్లీషులో రేర్ ఎర్త్స్. పరీక్షలో పెద్దగా అడగరని అందరూ వాటిని వదిలేసేవాళ్ళు. ఆవిడ అక్కడే ఆగేవారు. "పేరుకే అరుదు. సీసం కంటే ఎక్కువ దొరికేవి వీటిల్లోనే ఉండాయి. కానీ ఒక్కటే ఎప్పుడూ దొరకదు. ఒకే రాయిలో ఒకదాన్నొకటి పట్టుకోని దాక్కుంటాయి. వీటిల్లో ఒకదాని పేరుకు అర్థమే దాక్కున్నదని," అన్నారు ఒకరోజు. రెండు మూలకాలను ఒకటే అనుకుని నలభై ఏళ్ళకు పైగా కాలం గడిపారట. చివరికి ఒకాయన ఆ లవణాన్ని మళ్ళీ మళ్ళీ స్ఫటికాలు కట్టించి, ఆకుపచ్చదాన్నొక పక్కకూ ఊదాదాన్నొక పక్కకూ వేరు చేశాడట. "అన్నాళ్ళూ పుస్తకాల్లో తప్పే అచ్చేసినారు. రాయి అబద్ధం చెప్పలా. చూసినవాళ్ళకు ఓపిక లేదు." ఆ మాటలు పాఠమనే అనుకుని నోట్సులో రాసుకున్నాను.

మా ఊరి బయట పాత బ్యాటరీలు పగలగొట్టి, లోపలి సీసం పలకలు కరిగించి దిమ్మెలు పోసే షెడ్డు ఉండేది. వానల్లేక సేద్యం మూలబడ్డాక నాయన అందులో కొలిమి దగ్గర పనికి చేరాడు. సీసం మెత్తని లోహం, బ్లేడుతో కోస్తే తెగుతుంది, పెద్ద వేడి లేకుండానే కరుగుతుంది. అందుకే దాన్ని అందరూ లోకువగా చూస్తారు. నాయన చేతులకు తొడుగుల్లేవు, ముఖానికి తువ్వాలే అడ్డం. ఏడాది తిరిగేసరికి కడుపునొప్పి పట్టుకుంది. ఆ తర్వాత కుడి మణికట్టు వాలిపోయింది. చెయ్యి చాపితే అరచెయ్యి కిందికి వేలాడేది. అన్నం ముద్ద నోటిదాకా తెచ్చుకోలేకపోయేవాడు. షెడ్డు మేనేజరు, "తాగి తాగి నరాలు పోగొట్టుకున్నాడు," అని పదిమందిలో చెప్పి పనిలోంచి తీసేశాడు. నాయన జన్మలో సారా ముట్టి ఎరగడు. అయినా ఊరు ఆ మాటనే నమ్మింది. ఎందుకంటే ఆ మాట నమ్మితే ఎవరూ ఏమీ చెయ్యనక్కర్లేదు.

పుత్తూరులో కట్టు కట్టే పెద్దాయన దగ్గరికి తీసుకుపోయాం. ఆయన మోచెయ్యి నుంచి వేళ్ళదాకా ఎముకలన్నీ ఒత్తి చూశాడు. "ఎముకలో ఏం దోషం లేదప్పా. కట్టు కడితే నాకు పాపం. ఇంకేందో ఉండాది, పెద్ద డాకటర్లకు సూపించుకో," అని చెప్పి పంపేశాడు. పట్టాలూ పదవులూ ఉన్నవాళ్ళను ఆ తర్వాత ఎంతోమందిని చూశాను. తనకు తెలియదని అంత నిజాయితీగా ఒప్పుకున్నవాడు ఆయనొక్కడే.

వారం తర్వాత కాలేజీకి వెళ్తే మేడం అడిగారు. "ఏమ్మా రేవతీ, ఇన్నాళ్ళు యాడికి పోయినావు?" చెప్పాను. "మీ నాయన ఏం పని చేస్తాడు?" అదీ చెప్పాను. ఆవిడ చేతిలోని సుద్దముక్క బల్ల మీద పెట్టేశారు.

ఆదివారం మా ఇంటికి వచ్చారు. మేడం అడిగితే నాయన సిగ్గుపడుతూ నోరు తెరిచాడు. చిగుళ్ళ అంచున నీలంగా సన్నని గీత కనిపించింది. రోజూ ఒకే ఇంట్లో ఉంటూ మేమెవరమూ దాన్ని చూడలేదు. "ఇది తాగుడు కాదు. సీసం," అన్నారు మేడం.

"సీసం ఒంట్లోకి ఎట్లా పోతుందమ్మా?" అని అడిగింది అమ్మ.

"పొగలో పోతుంది, దుమ్ములో పోతుంది. ఆయన బట్టలు దులిపితే నీకూ పోతుంది. పసిపిల్లలకు ఇంకా తొందర. పోయింది ఒక పట్టాన బయటికి రాదు."

అరుగు మీది దుమ్మును కాగితంలో పొట్లం కట్టుకున్నారు. మర్నాడు ల్యాబులో దాన్ని ఆమ్లంలో మరిగించి, వడకట్టి, అడ్డుపడే ఇనుమును వేరు చేసి, చివర్లో ఆ నాలుగు చుక్కలు నా చేతనే వేయించారు. పసుపు వచ్చింది. నాకు ఏడుపొచ్చింది. "ఏడ్చేది తర్వాత. ముందు రాసుకో," అన్నారు.

ఆవిడ నాయననూ, మా వీధిలో కడుపునొప్పులతో వాడిపోతున్న ముగ్గురు పిల్లలనూ మద్రాసు ఆసుపత్రికి తీసుకుపోయి రక్తపరీక్షలు చేయించారు. అందరి రక్తంలోనూ సీసం ఉంది. ఆ కాగితాలు జతచేసి కాలుష్య నియంత్రణ మండలికి ఫిర్యాదు పెట్టారు. అధికారులు వస్తున్న సంగతి మాకంటే ముందు షెడ్డువాళ్ళకు తెలిసింది. రెండు రోజులు కొలిమి ఆర్పి, నేల కడిగించారు. వచ్చినవాళ్ళు షెడ్డు పక్క బావిని వదిలేసి ఊరికి అటుకొసన ఉన్న బోరులో నీళ్ళు పట్టుకుపోయారు. అంతా పరిమితుల్లోనే ఉందని నివేదిక వచ్చింది. ఆ నివేదికను షెడ్డు గేటుకు అంటించారు. పిల్లల రక్తం కాగితాలు ఎవరూ చదవలేదు.

తర్వాత ప్రిన్సిపాల్ మేడంను పిలిపించాడు. రికార్డు మీద సంతకం కోసం వెళ్ళిన నేను గుమ్మం దగ్గరే ఆగిపోయాను. షెడ్డు యజమాని మా కాలేజీ కమిటీలో సభ్యుడు.

"కాలేజీ రసాయనాలు సొంత పనికి వాడినానని, తప్పయిందని రాసియ్యండి. దీంతో అయిపోతుంది," అన్నాడు ప్రిన్సిపాల్.

మేడం అక్కడే కూర్చుని రాశారు. ఆయన చదివి ముఖం మాడ్చుకున్నాడు. ఏ రసాయనం ఎన్ని చుక్కలు వాడిందీ వరసగా రాసి, కింద, "ఫలితం: సీసం ఉంది," అని సంతకం చేశారావిడ.

"ఇది కాదు నేనడిగింది."

"వాడినామని రాయమన్నారు, రాసినాను. వాడితే ఏం తేలిందో రాయకుంటే అది రికార్డు కాదు సార్."

నెల తిరగకుండా ఆవిడను అదే యాజమాన్యం నడిపే ఇంకో కాలేజీకి మార్చారు. చాలా దూరం, పైగా అక్కడ ల్యాబే లేదు. షెడ్డు మూతపడలేదు. రక్తం కాగితాల మాట చుట్టుపక్కల తెలిసిపోవడంతో పనివాళ్ళు దొరక్క ఇంకో ఊరికి మారింది. ఎవరికీ శిక్ష పడలేదు. వైద్యం అందిన నాయనకు చెయ్యి సగం తిరిగొచ్చింది. గ్లాసు పట్టుకోగలడు, చొక్కా గుండీలు పెట్టుకోలేడు. ముగ్గురు పిల్లల్లో ఇద్దరు కోలుకున్నారు. మూడోవాడికి చదువు అబ్బలేదు. బడిలో వాణ్ణి మొద్దు అనేవాళ్ళు.

పోయిన నెల మేడం చనిపోయారు. తిరుపతిలో సంతాప సభ పెట్టారు. రిటైరయిన ఆ ప్రిన్సిపాలే వేదిక మీద కూర్చుని, "వేదవల్లి గారు శాంతమూర్తి. ఇన్నేళ్ళలో ఒక్కరితో మాటపడి ఎరగరు," అన్నాడు. సభ తలలూపింది. నేను లేచి నిలబడ్డాను.

"ఆమె శాంతంగా లేరు సార్. మీరు ఆమెను ల్యాబు లేని చోటికి పంపినారు. ఎందుకు పంపినారో మీరు చెప్తారా, నేను చెప్పాలా?"

ఆయన నీళ్ళు తాగాడు. నిర్వాహకుడొకాయన వచ్చి, ఇది సమయం కాదమ్మా అన్నాడు. షెడ్డు గురించి, రక్తం కాగితాల గురించి, ఆవిడ రాసిచ్చిన కాగితం గురించి మొత్తం చెప్పాకే కూర్చున్నాను. కొందరు లేచి వెళ్ళిపోయారు. మేడం చెల్లెలు మాత్రం వచ్చి నా పక్క కుర్చీలో కూర్చుంది.

ఇంటికొచ్చాక నాయన అడిగాడు. "ఏమన్నావు పాపా ఆడ?"

చెప్పాను.

"అందరికీ ఇనపడేట్టు చెప్పినావా?"

"చెప్పినాను నాయనా."

"మంచిది," అని ఎడమచేత్తో కళ్ళు తుడుచుకున్నాడు.

మేడం దగ్గర నేను లోహాల లక్షణాలు చాలా నేర్చుకున్నాను, చాలావరకు పుస్తకాల్లోనూ దొరుకుతాయి. ఈ ఒక్కటి మాత్రం ఏ పుస్తకంలోనూ లేదు. చనిపోయిన మనిషిని శాంతమూర్తి అని ఎవరైనా పొగుడుతుంటే నేనిప్పుడు పటంలోని ముఖాన్ని చూడను. పొగిడేవాడి ముఖం చూస్తాను.