బిళిగిరి బెట్టలో ఉసిరి మొలకలు

బెంగళూరు కుందలహళ్ళిలో మా ఆఫీసు దగ్గర పెట్టిన చేతిపనుల సంతలో ఒక కుర్చీ నచ్చి, పేము కుర్చీ ఎంత అని అడిగాను. అమ్ముతున్నావిడ నవ్వింది. "పేము కాదక్కా, లాంటానా. మా అడవిని మింగేస్తున్న ముళ్ళకంప ఇది." ఆవిడ పేరు మాదమ్మ. బిళిగిరి రంగన బెట్ట అనే కొండల అడవుల్లో ఉండే సోలిగ గిరిజనుల మనిషి. వానలు పడ్డాక రమ్మంది. మాటవరసకు అందనుకున్నాను గానీ, జూన్ చివర్లో కాయిన్ బూత్ నుంచి ఫోన్ చేసి మరీ పిలిచింది. ఇక ఆగలేదు.

శనివారం తెల్లవారకముందే బ్రూక్‌ఫీల్డ్‌లో ఆటో ఎక్కి మెజెస్టిక్ బస్టాండు చేరాను. కనకపుర, మళవళ్ళి మీదుగా కొళ్ళేగాలకు బస్సులో నాలుగు గంటలు పట్టింది. టికెట్టు వంద లోపే. అక్కణ్ణుంచి యళందూరుకు మరో బస్సు, ఆపైన కొండమీదికి షేర్ జీపు. నేను ఇంటికి ఫోన్ చేసి మాట్లాడుతుంటే విన్న జీపు డ్రైవరు, "మీరూ తెలుగోళ్ళేనామ్మా? మాది హొసకోటె పక్కనే," అన్నాడు సంబరంగా. ఘాట్ మొదలవగానే మాత్రం గొంతు తగ్గించాడు. "ఏనుగులు ఉండాయి. ఫోటోలని దోవలో దిగొద్దమ్మా."

సోలిగలు తమ ఊరిని పోడు అంటారు. మాదమ్మ వాళ్ళ పోడులో పాతిక ఇళ్ళుంటాయేమో. వేడివేడి రాగిసంగటి, అడవి ఆకుకూరల పులుసు పెట్టింది. తింటుండగా ఆమె భర్త జడేయ ఉన్నట్టుండి అడిగాడు. "అక్కా, మీ బెంగళూరులో నాకు వాచ్‌మన్ పని ఇప్పిస్తారా?"

వడ్డిస్తున్న మాదమ్మ చెయ్యి ఆగిపోయింది. మా అపార్ట్‌మెంట్‌కు నిజంగానే వాచ్‌మన్ కావాలి. ఆ మాట నాలుక చివరిదాకా వచ్చింది.

"ఊరు వదిలి ఎందుకు?" అన్నాను.

"మా నాన్న చూపించిన ఉసిరిచెట్లే ఇంకా కాస్తున్నాయి. వాటికి పిల్లలు లేవు. కింద మొలక లేవాలంటే కంప ఎండ తగలనివ్వదు. ఇదివరకు వేసవి మొదట్లో ఎండుటాకులకు చిన్నగా నిప్పు పెట్టేవాళ్ళం, కంప పెరిగేది కాదు. ఇప్పుడు అటవీశాఖ నిప్పు పెట్టనివ్వదు. అడవి ముసలిదైపోతుంటే చూస్తూ కూర్చోలేను."

"మేం కంప నరికిన కొండవాలు ఒక్కసారైనా వచ్చి చూశావా?" అంది మాదమ్మ.

"కుర్చీలకు నరికితే అడవి బాగుపడుతుందా?"

మాదమ్మ నన్ను అడవిలోకి తీసుకెళ్ళడానికి అటవీశాఖ అనుమతి ముందే తీసుకుని ఉంచింది. భోజనాలయ్యాక నన్ను రమ్మని లేచింది. అడవిదున్నలు తిరిగే చోటు కదా, అతిథిని పంపి తాను ఇంట్లో కూర్చోలేక జడేయ కూడా కత్తి పట్టుకుని ముందు నడిచాడు.

దారికి రెండువైపులా నా తల దాటిన లాంటానా గోడ. రంగురంగుల పూలు ముచ్చటగానే ఉన్నాయి గానీ దాని కింద గడ్డిపోచ లేదు. ఒక మలుపు తిరగగానే వెలుతురు ముఖాన కొట్టినట్టయింది. పోడు ఆడవాళ్ళు రెండేళ్ళుగా కంపను నరికి, వేళ్ళతో సహా పెకలించిన వాలు అది. మోకాలెత్తు గడ్డి, దాని మీద సీతాకోకచిలుకలు. జడేయ నాలుగడుగులు వేసి ఆగి, మెల్లగా గొంతుకూర్చున్నాడు. గడ్డి పక్కకు తీశాడు. చింతాకులాంటి సన్నటి ఆకులతో జానెడు మొలక. దాని పక్కన ఇంకొకటి. ఆ పైన మరికొన్ని.

"ఉసిరే," అన్నాడు. ఆ గొంతు మధ్యాహ్నం విన్నది కాదు.

మాదమ్మ వెళ్ళి అతని పక్కన కూర్చుంది. ఇద్దరూ ఒక్కో మొలకనూ వేలితో తాకుతూ పోయారు. తిరిగొస్తూ అతను నాతో మెల్లగా అన్నాడు. "ఆ వాచ్‌మన్ పని ఇంకెవరికైనా చెప్పండక్కా. వీటిని మళ్ళీ కంప కమ్మకుండా చూసుకోవాలి."

అడవిని కాపాడటమంటే మనుషుల్ని దానికి దూరంగా ఉంచడమే అనుకునేదాన్ని. ఆ వాలు మీద వాళ్ళిద్దరినీ చూశాక అంత తేలిగ్గా అనలేను. తిరుగుదారిలో పడ్డ వానకు తడిసి, కాళ్ళు నొప్పులు పుట్టి, సాయంత్రం బస్సులో కిటికీకి తల ఆనించి నిద్రపోయాను. చాలా రోజుల తర్వాత హాయిగా పట్టిన నిద్ర.

వెళ్ళేవాళ్ళకు ఒక్క మాట: చీకటి పడితే అడవి చెక్‌పోస్టు మూసేస్తారు. వెళ్ళేటప్పుడే కిందికి వచ్చే చివరి బండి ఎప్పుడో కనుక్కోండి.