ఖాళీ సీటు

జనాన్ని కొండ ఎక్కించడం గైడు పని. పైకి చేరినవాళ్లు హెలికాప్టర్లో దిగిపోతారు. అతను మాత్రం మోకాళ్లకు గుడ్డ చుట్టుకుని, రెండ్రోజులు నడిచి దిగుతాడు. ఎక్కేటప్పుడు దారంతా అందరి గోళ్లూ చూస్తుంటాడు. అవి నీలం తిరిగితే ఊపిరి చాలడం లేదని అర్థం. ఆ రోజు పైకి చేరేసరికి, పాపకు జ్వరం దిగడం లేదని భార్య ఫోన్ చేసింది.

"సీటు ఖాళీయేగా, ఎక్కు బాబాయ్," అంది హెలికాప్టర్లోంచి ఒకావిడ. మొదటిసారి ఎక్కి కూర్చుని, గంటలో వస్తానని ఇంటికి చెప్పాడు. పైలట్ వెనక్కి తిరిగి, "ఇక్కడ గాలి పల్చన. ఇంత బరువుతో లేవదు, ఒకరు దిగాలి," అన్నాడు. అందరికీ ఒక్కసారిగా కిటికీలోంచి మంచు కనిపించింది. అతను దిగి, అలవాటు కొద్దీ ఆవిడ బెల్టు బిగించి తలుపు మూశాడు.

ఫోన్ మోగింది. "బయలుదేరారా?"

"బయలుదేరానే," అన్నాడు, మోకాలికి గుడ్డ చుట్టుకుంటూ.