కమలాతొక్క చారలు

మా ఆవిడ నోట "బాగుంది" అన్న మాట వింటే నాకు ఒళ్ళు మండుతుంది. పెళ్ళయిన నాటి నుంచి నేను అప్పుడప్పుడు చేసే వంటకి ఆ మాట ఏనాడూ రాలేదు. ఉప్పు ఎక్కువైందనో, పోపు మాడిందనో ఏదో ఒక వంక పెడితేగాని ఆవిడకి ముద్ద దిగేది కాదు. పోయిన చలికాలం ఆవిడకి జ్వరం వచ్చింది. జ్వరం తగ్గాక చూసుకుంటే వాసన తెలియడం పోయింది. వాసన లేకపోతే రుచి ఎక్కడిది? ఉప్పని, తీపని నాలుక చెబుతుందట, అంతకుమించి అన్నీ ఒకటేనట. అప్పటి నుంచి ఏం పెట్టినా తలవంచుకుని తినేసి "బాగుంది" అంటోంది.

వాసన తిరిగి రావచ్చు, రాకపోవచ్చు అన్నాడు డాక్టరు. ఘాటైనవి రోజూ వాసన చూపిస్తూ ఉండమన్నాడు. లవంగాలు, కర్పూరం, ఇంగువ అన్నీ ముక్కు దగ్గర పెట్టాను. అన్నింటికీ అడ్డంగా తలూపింది. ఒకరోజు వంటింట్లో కూర్చుని తోటకూర ఒలుస్తోంది, పక్కనే పొయ్యి మీద పాలు మాడి బొగ్గయ్యాయి. నేను వీధి గేటు దగ్గర నుంచే ముక్కు మూసుకుని పరుగెత్తుకొచ్చాను. ఆవిడ మాత్రం ఇంకా తోటకూర ఒలుస్తూనే ఉంది. ఆ రోజు వంటింట్లోంచి బయటికి వచ్చేసి మళ్ళీ పొయ్యి ముట్టుకోలేదు.

వంట నాకు వచ్చిపడింది. ప్లాంటు నుంచి రిటైరైనవాణ్ణి, నాకు మాత్రం వేరే పనేముంది? ఆవిడ పక్క గదిలో కూర్చుని చెవులతో కాపలా కాస్తుంది. గరిటె చప్పుడు ఆగిందా, అక్కడి నుంచే కేక వినపడుతుంది.

ఉద్యోగం కోసం హిందీవాళ్ళ మధ్యకి వచ్చి స్థిరపడ్డ గోవింద్‌పూర్‌లో మా డాబా మీద ఎండకి కూర్చుని ఒక పొద్దున కమలాపండు ఒలుస్తున్నాను. తొక్క విరిచినప్పుడు సన్నటి తుంపర లేచి ఆవిడ మొహం మీద పడింది. బఠాణీలు ఒలుస్తున్నదల్లా తల ఎత్తింది. ముక్కులోకి ఏదో వచ్చిందని మెల్లగా చెప్పింది. సంచీలో ఉన్న పళ్ళన్నీ ఒలిచేశాను. మళ్ళీ రాలేదు. అయినా ఒకసారి వచ్చింది కదా, నాకది చాలు. దాన్ని మళ్ళీ రప్పించేదాకా వదలకూడదని గట్టిగా అనుకున్నాను.

ఫడ్జ్ అనే మిఠాయి సంగతి మా అమ్మాయి చెప్పింది. ఇక్కడే ఒక బడిలో టీచరు, మాతోనే ఉంటుంది, మేము తెలుగులో అడిగితే హిందీలో జవాబిస్తుంది. ఫోనులో చూపించింది. తెల్లటి ముక్క, దాని నిండా పాలరాతి మీద ఉన్నట్టు కమలారంగు చారలు. చూడగానే నాకో ఆలోచన తట్టింది. ముక్కంతా ఒకే రుచైతే నాలుక వెంటనే అలవాటు పడిపోతుంది. ఒక పక్క ఏమీ లేకుండా, పక్కనే తొక్క ఘాటు ఉంటే, ఇటు నుంచి అటు దాటేటప్పుడైనా తేడా తెలియాలి. అదే చెప్పాను.

"పాపా, మమ్మీ తో ఫిర్ భీ అచ్ఛా హీ బోలేగీ" అంది మా అమ్మాయి.

నిజమే, ఏం పెట్టినా వాళ్ళమ్మ బాగుందనే అంటుంది. నా బాధంతా అదే.

పర్సుడీహ్ మండీ నుంచి పళ్ళు తెచ్చాను. చిక్కటి డబ్బా పాలు, వెన్న, తెల్ల చాక్లెట్ మా అమ్మాయి తెచ్చింది. మొదటిసారి తెలివి ఎక్కువై, తొక్కతో ఆగకుండా రసం కూడా పిండాను. పాలు విరిగి, చాక్లెట్ ఉండలు కట్టి, గిన్నెలో ఉన్నది చూడబుద్ధి కాలేదు. చాటుగా పారబోసి గిన్నె తోమేశాను.

రెండోసారి తొక్క పైపైన తురిమాను. సన్నటి సెగ మీద అన్నీ కరిగించి, సగం వేరే గిన్నెలోకి తీసి, తురుమూ చిటికెడు మిఠాయి రంగూ కలిపాను. తెల్లదీ రంగుదీ మార్చి మార్చి పళ్ళెంలో వేశాను. ఇక చాకుతో అలా ఒక గీత, ఇలా ఒక గీత గీసి చెయ్యి తీసెయ్యాలి. చాకు తీసుకుందామని గరిటె పక్కన పెట్టానో లేదో, గదిలోంచి కేక వచ్చింది.

"సెయ్యి ఆపీసినారేటి? అడుగంటీద్ది, తిప్పండి."

కోవా అయినా, పాకం అయినా మా ఇంట్లో చెయ్యి ఆపకూడదు. ఇన్నేళ్ళుగా ఆ కేక వినగానే తిప్పడం అలవాటైపోయిన చెయ్యి నాది. ఆలోచించకుండా గరిటె అందుకుని పళ్ళెంలో గిరగిరా తిప్పేశాను. అది పొయ్యి మీద లేదన్న సంగతి గుర్తొచ్చేసరికి చారలన్నీ పోయి అంతా ఒకటే పసుపు ముద్ద అయింది. మా అమ్మాయి గోడకి ఆనుకుని పడీపడీ నవ్వింది. నాకు మాత్రం ఏడుపొచ్చినంత పనైంది.

మూడోసారి ఉపాయం చేశాను. నేను చాకుతో గీతలు గీస్తున్నంతసేపూ మా అమ్మాయి పక్కన నిలబడి ఖాళీ గిన్నెలో గరిటె తిప్పుతూ చప్పుడు చేసింది. గదిలోంచి కేక రాలేదు. చారలు నిలబడ్డాయి.

ఫ్రిజ్‌లో గట్టిపడ్డాక, ఒక కొస తెల్లగా, ఒక కొసన దట్టమైన చార ఉండేలా ముక్క కోసి తీసుకెళ్ళాను. రంగు చూసి చెప్పకూడదని కళ్ళు మూసుకోమన్నాను. తెల్ల కొస నోటికి అందించాను. కొరికింది, నమిలింది.

"బాగుంది."

నాకు పట్టరాని కోపం వచ్చింది. బాగుందో లేదో నేను అడగలేదని, ఏమైనా తెలుస్తోందో లేదో అది చెప్పమని గొంతు పెంచాను. ఆవిడ కళ్ళు తెరిచి నా వంక చూసింది.

"నేదంటే మళ్ళీ పొయ్యి కాడ నిలబడతారు. మీ మోకాళ్ళ నొప్పి నాకు తెల్దేటి? అందుకే అన్నిటికీ బాగుందంతన్నాను."

ఇన్ని నెలలుగా ఆ అబద్ధం నా కోసం ఆడుతోందన్నమాట. అయినా ముక్క కింద పెట్టలేదు. నా మోకాళ్ళ సంగతి నేను చూసుకుంటాను, నువ్వు నిజం చెప్పమన్నాను. కళ్ళు మళ్ళీ మూసుకుంది. ఈసారి ఎలుక కొరికినట్టు కొంచెం కొంచెంగా కొరికింది.

"ఇక్కడ నేదు," అంది. ఇంకాస్త కొరికింది. "ఇక్కడా నేదు."

నమలడం ఆపేసింది. కనుబొమలు ముడిపడ్డాయి.

"ఇదిగో. వచ్చింది."

చేతిలో మిగిలిన ముక్క చూశాను. పంటి గాటు సరిగ్గా చార మీద ఉంది. గుమ్మం దగ్గర నిలబడ్డ మా అమ్మాయికీ చూపించాను. ఆవిడ నోట్లో ఉన్నదాన్ని అటూ ఇటూ తిప్పి, మింగి, మొహం చిట్లించింది.

"తొక్క తెల్లదాకా గీకీసినారు. సేదొత్తంది. పైన తీపి కూడా ఎక్కువైపోనాది."

ఇన్నాళ్ళకి నా వంటకి వంక దొరికింది. కళ్ళలో నీళ్ళు తిరిగితే దాచుకోలేదు. మళ్ళీ చేస్తానన్నాను.

"మీరొద్దు," అంటూ చీర కొంగు బిగించి లేచింది. "ఆ పళ్ళు ఇలా తెండి. తొక్క నేను గీకుతాను."

వంటింట్లోకి నా కంటే ముందు నడిచింది.